డాక్టరు రాయని గుండె

అన్యాయం జరిగింది కామాకి. పోయిన ఏడాది ఆగస్టు పందొమ్మిదో తేదీ, మంగళవారం, భోజనాల గంటకి ముందు, మన మూడో వరసలో, నీకూ నాకూ మధ్య కుర్చీలో. ముందు అది రాసుకో. నా తప్పు ఆ తర్వాత రాసుకుందువుగాని.

ఏం, అలా చూస్తావు? "దానికీ దీనికీ సంబంధం ఏమిటక్కా" అనే కదా ఆ చూపు? ఉంది సంబంధం. చెప్తాను. కూర్చుంటాను కూడా. నువ్వు కూర్చోమనకపోయినా కూర్చుంటాను. ఇన్నేళ్ళు ఒకే వరసలో నడుములు అరగదీసుకున్నవాళ్ళం, ఇవాళ ఈ గాజుగదిలో నీ ఎదురుగా చేతులు కట్టుకుని నిలబడితే నన్ను చూసి నా మోకాళ్ళే నవ్వుతాయి.

మేడమ్ అనాలా? అంటాను. బయట నలుగురి ముందూ అంటూనే ఉన్నాను కదా. తలుపు వేసి ఉంది. ఇక్కడ మాత్రం నువ్వు మా తప్పులు పట్టే క్వాలిటీ మేడమ్‌వి కావు, కామాకి అవతలి పక్క కూర్చున్న పిల్లవి. అంతే.

సరే, ముందు నీకు కావలసింది ఇచ్చేస్తాను. ఒప్పుకుంటున్నాను. ఇవాళ పొద్దున్న ఒక డాక్టరుకి, ఆయన రాసిన చార్టు మీద అనుమానం అడుగుతూ, క్వెరీ పంపాను. పంపకూడని పద్ధతిలో పంపాను. కొత్తగా చేరిన ప్రతి పిల్లకీ ఆ పద్ధతి నేర్పేది నేనే కాబట్టి, తెలియక చేశానని బుకాయించను.

డాక్టరు రాసిన జబ్బుల్ని అంకెలుగా మార్చే మనలాంటి కోడర్, అనుమానమొస్తే డాక్టరుని అడగొచ్చు. జవాబు అందించకూడదు. "ఈ లక్షణాలకి కారణం ఏమిటో దయచేసి స్పష్టం చేయండి" అని చేతులు కట్టుకుని అడగాలి. మరి నేనేం అడిగాను? నీ తెర మీద ఉందిగా, చదువు. పైకి చదువు. చదవవా? పోనీ నేనే చెప్తాను, నాకు కంఠతా వచ్చు.

"రోగికి తొమ్మిదో వారం. పడుకుంటే ఊపిరి ఆడటం లేదని చెప్పింది. చిన్నప్పుడు కీళ్ళు వాచిన జ్వరం వచ్చిందని చెప్పింది. గుండెలో అదనపు చప్పుడు వినపడిందని మీరే రాశారు. ఇది ఆ పాత జ్వరం వల్ల గుండె కవాటం సన్నబడిన జబ్బా? అవునా, కాదా?"

జబ్బుకి పేరు పెట్టి అడిగాను. ముద్ద కలిపి నోట్లో పెట్టాను. తప్పే. ఉద్యోగం తీసేసే తప్పు.

కానీ ఆ క్వెరీని అవతల డాక్టరు ఇంకా తెరవలేదు. దాని పక్కన బూడిదరంగు చుక్క ఉంది చూడు. తెరిస్తే ఆకుపచ్చగా మారుతుంది. తెరవకముందే వెనక్కి లాగేసే అధికారం ఈ అంతస్తులో నీకొక్కదానికే ఉంది. నీ వేలు దాని మీదే ఉంది, నాకు కనపడుతోంది.

నొక్కకు.

నన్ను ఇంటికి పంపు. సాయంత్రం దాకా ఎందుకు, ఇప్పుడే పంపు. కానీ అది మాత్రం వెనక్కి లాగకు. నేను లోపలికి వచ్చింది ఆ ఒక్కటీ అడగడానికే.

ఎవరావిడ అంటావా? నాకేం తెలుసు? మనకొచ్చే చార్టుల్లో పేరు ఉండాల్సిన చోట నల్లగీత ఉంటుంది. వయసు ఉంటుంది, వారాలు ఉంటాయి. ఇరవై ఆరేళ్ళు, తొమ్మిదో వారం. ఏ ఊరో, ఏ దేశమో. ఎలా నవ్వుతుందో, ఎవరి మీద విసుక్కుంటుందో. ఆవిడకి ఫోన్ చేయలేను. తలుపు కొట్టి "అమ్మా, ఇంకో డాక్టరుకి చూపించుకో" అని చెప్పలేను. ఆవిడ దాకా ఉన్న దారి ఆ డాక్టరు. డాక్టరు దాకా ఉన్న దారి ఈ క్వెరీ. ఇంకో దారి లేదు తల్లీ.

మన మొదటి రోజులు గుర్తున్నాయా నీకు? ఆ శిక్షణ ఇచ్చినాయన, గొంతు సవరించుకోకుండా ఒక్క ముక్క మాట్లాడనివాడు? "డాక్టర్లు మాటలు రాస్తారు, బీమావాళ్ళకి మాటలు అక్కర్లేదు, అంకెలు కావాలి, మీరు ఆ మధ్యలో మర" అన్నాడు. మరలమట! నేను కాలేజీ గడప తొక్కనిదాన్ని, సామాను చుట్టిచ్చిన కాగితం దగ్గర్నుంచీ వదలకుండా చదివి, పిల్లలు పడుకున్నాక ఆ కోడ్ పుస్తకాన్ని నవల చదివినట్టు చదివి, పరీక్ష రాసి వచ్చానా, చివరికి నన్ను మర అన్నాడు.

ఆ రోజే చెప్పాడు ఆ నియమం. కడుపుతో ఉన్నామెకి ఏ జబ్బు వచ్చినా కడుపుకి సంబంధించిందనే అనుకోవాలి, డాక్టరు కాదని రాస్తే తప్ప. ముందు కడుపు కోడ్, దాని వెనక గుండె కోడ్. గుండె ఎప్పుడూ రెండో వరసే. నేను ఊరుకోలేక, "ఈ నియమం రాసినవాళ్ళెవరో మా అత్తగారింట్లో అద్దెకుండి వెళ్ళినట్టున్నారు" అన్నాను. గది గదంతా నవ్వింది. అందరికంటే చివరిదాకా నవ్వింది ఎవరు? మన మధ్య కూర్చున్న ఆ అరచేయంత మనిషి. అప్పటికింకా కామా అనే పేరు రాలేదు దానికి.

ఆ పిల్లా, నేనూ ఎందుకంత కలిసిపోయామో నీకెప్పుడూ అర్థం కాలేదు. పుస్తకాల వల్ల. పదకొండేళ్ళ వయసులో కీళ్ళన్నీ వాచిపోయి, ఒక వేసవంతా మంచం దిగలేదట. వీధి చివర అద్దె పుస్తకాల కొట్టు ఉంటే, వాళ్ళ నాన్న సంచితో తెచ్చి సంచితో తిరిగి ఇచ్చేవాడట. కొట్లో పుస్తకాలు అయిపోయాయిగానీ జ్వరం తగ్గలేదట. "ఆ జ్వరమే నా కాలేజీ అక్కా" అనేది. ఎంత గర్వంగా చెప్పేదనీ!

విన్నావా, ఏం చెప్పానో? కీళ్ళు వాచిన జ్వరం. పదకొండేళ్ళప్పుడు. మన వరసలో ఆ కథ వినని మనిషి లేదు. ఎన్నిసార్లు విన్నాం? భోజనాల దగ్గర, లిఫ్టులో, సంతకాల దగ్గర. "అబ్బ, మళ్ళీ మొదలెట్టావా నీ కాలేజీ గోల" అని నువ్వే విసుక్కునేదానివి.

మరుసటి గంటలో నీ తెర మీద అదే జ్వరం ఒక చార్టులో కనపడితే, కళ్ళు మూసుకుని కోడ్ వేసేదానివి.

నేనూ అంతే. నన్ను నేను మినహాయించుకోవడం లేదు, నీ కనుబొమలు దించు.

తర్వాత పోయిన ఏడాది, వర్షాలు మొదలయ్యే రోజుల్లో, కడుపు నిలిచింది. ఎన్నేళ్ళకి నిలిచింది! వచ్చి నా చెవిలో చెప్పి, నీ చెవిలో చెప్పి, ఇంకెవరికీ చెప్పొద్దంటూ సాయంత్రానికి వరసంతా తనే చెప్పుకొచ్చింది. అప్పటినుంచే మాట మధ్యలో ఆగడం మొదలైంది. "అక్కా, ఆ చార్టు" అంటుంది, ఆగుతుంది, ఊపిరి తీసుకుంటుంది, "నాకు పంపిస్తావా" అంటుంది. కామా అని పేరు పెట్టింది నువ్వు. ఊరంతా చాటింది నేను. అదీ నవ్వింది. నవ్వు మధ్యలో కూడా ఆగింది.

ఒక్క అంతస్తుకి లిఫ్టు ఎక్కేది. కుర్చీలో వెనక్కి వాలడం మానేసి, ముందుకి వంగి మోచేతులు బల్లకి ఆనించి పని చేసేది. చెప్పులు బిగుసుకుపోతున్నాయని బల్ల కింద వదిలేసి ఉత్త కాళ్ళతో కూర్చునేది. వాళ్ళ అత్తగారేమన్నారు? "మొదటి మూడు నెలలూ అంతే." చూసిన డాక్టరేమన్నారు? "అంతే, విశ్రాంతి తీసుకో." నేనేమన్నాను? "నా ఇద్దరికీ అంతేనే" అన్నాను. నీకింకా పెళ్ళే కాలేదు, నువ్వు కూడా "అంతేనటలే" అన్నావు.

అంతే అన్న మాట ఎంత సులువుగా ఉంటుంది నోటికి! నమలక్కర్లేదు కూడా.

ఆ భోజనాల బల్ల దగ్గరి మధ్యాహ్నం నువ్వు మర్చిపోలేదు. మర్చిపోయినట్టు మొహం పెట్టకు. అది డబ్బా మూత తీసి, తినకుండా పక్కన పెట్టి, చార్టు చదివినట్టు చదివింది. తన గురించే. "ఇరవై ఏడేళ్ళు. పదో వారం. మెట్లెక్కితే ఆయాసం. పడుకుంటే నీళ్ళలో మునిగినట్టుంది. చెప్పండి పండితులారా, ఏం కోడ్ వేస్తారు?"

నువ్వు వేలెత్తి అడిగావు. "డాక్టరు ఏం రాశారు?"

"ఏమీ రాయలేదు."

ఇంకేముంది! డాక్టరు రాయకపోతే ఆ జబ్బు లేనట్టే అన్న మన మొదటి పాఠాన్ని, వరస వరసంతా, ఎక్కాలు అప్పజెప్పే పిల్లల్లాగా, ఒకే గొంతుతో, "రాయనిది లేదు!" స్పూన్లతో డబ్బా మూతల మీద తాళం. రాయనిది లేదు, రాయనిది లేదు. దానికి నవ్వాగక కళ్ళలో నీళ్ళొచ్చాయి. చేత్తో గుండె పట్టుకుని, "ఆపండే, ఊపిరి అందడం లేదు" అంది.

ఊపిరి అందడం లేదంది. నవ్వుతూ అంది కాబట్టి మనం లెక్కలో వేసుకోలేదు.

నేను ఇన్ని నెలలుగా బుర్ర బద్దలు కొట్టుకుంటున్నది ఇదే. పొద్దున్నించి సాయంత్రం దాకా గుండె, కడుపు, గుండె, కడుపు. ఇంతమంది ఆడవాళ్ళం. నిద్రలో లేపి అడిగినా చెప్పగలం, ఏ లక్షణం ఏ జబ్బు పక్కన కూర్చుంటుందో. ఒక్కదానికీ ఎందుకు తట్టలేదు? తెలివి లేకా? కాదు. తట్టకుండా ఉండడమే మన ఉద్యోగం. లక్షణం చూసి జబ్బు ఊహించావంటే మార్కు కోస్తారు. ఒకసారి కోస్తారు, రెండుసార్లు కోస్తారు, మూడోసారికి నీ బుర్రే ముందుగా కోసేసి కూర్చుంటుంది. మనం చూసీ చూడనట్టు ఊరుకోలేదు. మనకి కనపడలేదు. అంత బాగా నేర్చుకున్నాం పని.

నీళ్ళు తాగుతావా? తాగు. నేనూ ఆగుతాను.

ఆ మంగళవారం సంగతి నేను చెప్పకపోతే ఎవరూ చెప్పరు. నువ్వు చెప్పవు. నీకు ప్రమోషన్ కాగితం ఇచ్చినవాళ్ళు అడగరు.

మన వరసకి ఒక మర్యాద ఉండేది. ఎవరికైనా ఒంట్లో బాగా లేక తల వాల్చుకుంటే, పక్కవాళ్ళు మధ్యమధ్యలో వాళ్ళ మౌస్ కదుపుతారు. కదలకపోతే తెర ఎర్రబడుతుంది, ఖాళీగా కూర్చున్నట్టు లెక్క పడుతుంది, జీతంలో కోత పడుతుంది. నాకు జ్వరమొచ్చిన రోజు పూటంతా నా మౌస్ కదిపింది నువ్వే. మీ అమ్మకి ఆపరేషన్ అయిన మర్నాడు, కూర్చున్న చోటే నువ్వు నిద్రపోతే, నీ మౌస్ కదిపింది కామా. పైవాళ్ళకి తెలియని ప్రేమ అది. మన వరసకి ఉన్న ఒకే ఒక్క మంచి గుణం.

ఆ పొద్దున్న కామా చెయ్యి మడిచి దాని మీద తల పెట్టుకుంది. "కాసేపు, అక్కా" అంది. నేను నీతో ఏమన్నాను? "పడుకోనీ, పొద్దున్నించీ వాంతులట" అన్నాను. ఏసీ చల్లగా కొడుతోందని నా శాలువా కప్పాను. నువ్వు నీ చార్టు చూసుకుంటూనే, కుడి చేత్తో నీ మౌస్, ఎడం చేత్తో దాని మౌస్. ఒకసారి నన్ను చూసి కన్ను కూడా గీటావు. చూడు, రెండు చేతులా సంపాదిస్తున్నాను అన్నట్టు.

భోజనాల గంట కొట్టారు. తట్టి లేపాను. శాలువా జారింది. చెయ్యి పట్టుకున్నాను, చల్లగా ఉంది. ఏసీ వల్ల అనుకున్నాను! చల్లగా ఉన్న చేతిని పట్టుకుని కూడా ఏసీ వల్ల అనుకున్నదాన్ని నేను. ఇంకో కారణం ఎవరూ రాసి ఇవ్వలేదుగా నాకు.

తర్వాత తెలిసిందేగా. ఫోన్లన్నీ బయట లాకర్లలో. రోగుల వివరాలు బయటికి పోకూడదని లోపలికి ఫోనే రానివ్వరు, అంత జాగ్రత్త రోగులంటే! ఒకతి తాళంచెవి కోసం, ఒకతి గేటు దగ్గరి ఫోను కోసం, ఒకతి లిఫ్టు కోసం పరిగెత్తాం. ఆసుపత్రిలో చెయ్యి పట్టుకుని చూసి, "చాలాసేపైంది" అన్నారు.

చాలాసేపైందట. కానీ మన కంప్యూటరు లెక్కలో ఆ పూట కామా ఒక్క నిమిషం కూడా ఖాళీగా లేదు.

తల వంచుకోకు. నిన్ను అనడానికి చెప్పలేదు. ప్రేమతోనే కదిపావు, నాకు తెలియదా? నా శాలువా కంటే నీ చెయ్యే నయం. అది కదిలిందన్నా కదిలింది.

వారం తర్వాత వాళ్ళాయన వచ్చాడు, దాని సంచీ తీసుకెళ్ళడానికి. స్కూలు వ్యాను నడుపుతాడు కదా, వ్యాను కిందే ఆపి వచ్చాడు, ఖాకీ చొక్కాతోనే. డబ్బా కడిగి ఉంచాను, ఇచ్చాను. అటూ ఇటూ మన తెరలన్నీ చూశాడు. "వదినగారూ, మీ ఆఫీసులో అందరూ గుండె జబ్బుల కాగితాలే చదువుతారట కదా?" అన్నాడు.

నిష్ఠూరం కాదు. కొత్త ఊళ్ళో దారి అడిగినట్టు అడిగాడు. నువ్వు మంచినీళ్ళు తెస్తానని లేచి వెళ్ళి మళ్ళీ రాలేదు. నేను సంచీ అందిస్తూ, "అవును బాబూ" అన్నాను. "మంచి ఉద్యోగం" అన్నాడు. సంచీ భుజాన వేసుకుని వెళ్ళిపోయాడు.

అప్పటినుంచీ నేను చార్టులు నా గొంతుతో చదువుకోలేకపోతున్నాను. నవ్వుతావేమో, నవ్వు. చార్టులో రోగి చెప్పిన మాటలుంటాయి కదా, అక్కడికి వచ్చేసరికి మనసులో గొంతు మారిపోతుంది. ముసలాయన చెప్పినా దాని గొంతే, పసిపిల్ల తల్లి చెప్పినా దాని గొంతే. దయ్యమంటే జుట్టు విరబోసుకుని కేకలు పెడుతుందని చిన్నప్పుడు చదివాను. అబద్ధం. దయ్యం మాట మధ్యలో ఆగుతుంది, అంతే. మిగతా సగం ఎప్పుడు చెబుతుందా అని మనం ఎదురుచూస్తూ ఉండిపోతాం. ఆ మధ్య కుర్చీలో కొత్తపిల్లని కూర్చోబెట్టారు. మంచిపిల్ల, గలగలా ఆగకుండా మాట్లాడుతుంది. అది మాట్లాడుతున్నంతసేపూ నాకు హాయిగా ఉంటుంది. అది నోరు మూస్తే భయం.

ఇవాళ పొద్దున్న ఈ చార్టు తెరిచాను. ఇరవై ఆరేళ్ళు, తొమ్మిదో వారం. చిన్నప్పటి జ్వరం, ఒక్క ముక్కలో. కిందికి వచ్చాను. రోగి మాటల్లోనే అని రాసి, ఆ వాక్యం. "పడుకుంటే నీళ్ళలో మునిగినట్టుంది."

భాష వేరు. దేశం వేరు. మాట అదే, అర్థంలో పిసరంత తేడా లేకుండా. కుర్చీ వెనక్కి నెట్టుకుని లేచి నిలబడ్డాను. కొత్తపిల్ల "ఏమైంది పిన్నీ" అంది.

దాని కింద డాక్టరు ఏం రాశారో చూశావా? "మొదటి మూడు నెలల్లో మామూలే. ధైర్యం చెప్పి పంపాను."

అంతే. మళ్ళీ అదే అంతే.

నువ్వు అనబోయేది నాకు తెలుసు. అలాంటి చార్టులు రోజుకి ఎన్నో వస్తాయి, అందులో చాలామందికి ఏమీ ఉండదు, కడుపుతో ఉంటే ఆయాసం నిజంగానే మామూలు, ఆ చప్పుడూ మామూలే. నిజం. నేను డాక్టర్ని కాను. ఆవిడకి ఏమీ లేకపోవచ్చు. లేకపోతే నా అంత సంతోషించేవాళ్ళు ఉండరు. నాకు జబ్బు తెలిసి అడగలేదు నేను. ఆ గొంతు తెలిసి అడిగాను.

రెండోది కూడా అను. పేరు పెట్టి అడిగితే పేరు పెట్టే ఒప్పుకుంటారు, పని ఒత్తిడిలో ఉన్న డాక్టర్లు చదవరు, ఊ కొడతారు, అందుకే ఈ నియమం పెట్టారు. ఇదేగా? ఈ పాఠం చెప్పేది నేనే, నాకే అప్పజెప్తావేం? అయినా మనిషి కదా అవతల? "గుండె కవాటం" అన్న మాట చూసి, ఒక్కసారన్నా ఉలిక్కిపడరా? "అయ్యో, ఆ పిల్లని పంపించేశానే" అనుకోరా? ఫోను తీసి, "అమ్మాయ్, రేపొకసారి రా" అనరా? నాకు కావలసింది కోడ్ కాదు. ఆ ఒక్క ఫోను.

ఏమిటీ? తేదీయా? తెలుసు. మార్చిలో చూపించుకుంది. చార్టు మన దాకా ఎప్పుడు తాజాగా వచ్చింది గనక! నాలుగు చేతులు మారి, పేరు చెరిపించుకుని, వారాల తర్వాత వస్తుంది. ఈపాటికి ఆవిడకి ఇరవయ్యో వారం. పొట్ట తెలుస్తూ ఉంటుంది. బతికుంటే.

చూశావా, నువ్వే కళ్ళు మూసుకున్నావు ఆ మాటకి. ఆలస్యమైందని నాకు తెలియక కాదు. ఆలస్యమైందని ఊరుకుంటే, అది ఇంకో కొత్త రకం అంతే అవుతుంది. ఇంకొక్క రోజు ఆలస్యం కాకుండా చెయ్యి. నొక్కకు. అంతకంటే ఏమీ అడగను.

చెయ్యి తీశావా?

తీశావు. ఇటు పెట్టు, ఒళ్ళో పెట్టుకో. నీ చేతులు కూడా చల్లగానే ఉన్నాయి. ఈ గదిలోనూ అదే ఏసీ.

ఉండు. ఉండుండు. చుక్క చూడు. ఆకుపచ్చ! తెరిచారు. ఇప్పుడే తెరిచారు. చూస్తున్నావా? అవతల ఎవరో నా వాక్యం చదువుతున్నారు. చదవండి తల్లీ, తండ్రీ, ఎవరైతే వారు. నిదానంగా చదవండి. తొమ్మిదో వారం దగ్గర ఆగండి. ఆ జ్వరం దగ్గర ఆగండి.

అదేమిటి? జవాబా? అప్పుడేనా?

నేను రాసింది చదవడానికే ఇంతకంటే ఎక్కువ సేపు పడుతుందే!

ఏమన్నారు? పెద్దది చెయ్యి, నాకు కళ్ళజోడు లేదు. "అవును." ఒక్క ముక్క. అవును. సరే, కింద? చార్టులో కొత్తగా ఏదో చేర్చారు, చూడు. చదువు. ఆగు, ఇది నాకు తెలిసిన వాక్యంలా ఉందే. "ఆ పాత జ్వరం వల్ల గుండె కవాటం సన్నబడిన జబ్బు." ఇది నాదే! నా ప్రశ్నే. చివర్లో ప్రశ్న తీసేసి అతికించారు.

ఇంకా కిందికి పో. రోగిని పిలిపించినట్టు ఉందా? గుండె డాక్టరు దగ్గరికి పంపినట్టు? ఏదన్నా పరీక్ష? మందు? ఇంకా కిందికి. ఉంటుంది, సరిగ్గా చూడు.

తెల్లగా ఉందా?

ఇంకోసారి చూడు.

అయితే చెప్పు నాకు. జబ్బు ఉందని అవునన్నారా, నేను అడిగానని అవునన్నారా? నువ్వు చెప్పలేవు. నేనూ చెప్పలేను. ఆ డాక్టరుని నిలబెట్టి అడిగినా చెప్పలేకపోవచ్చు. ఎక్కడో ఒకావిడ, ఈ నిమిషంలో ఏ బట్టలు మడత పెట్టుకుంటోందో, ఏ బస్సు కోసం నిలబడిందో, ఆవిడ కాగితంలోకి ఒక గుండె జబ్బు వచ్చి చేరింది. ఉంటే, ఆవిడకి చెప్పేవాళ్ళు లేరు. లేకపోతే, తీసేసేవాళ్ళు లేరు.

మంచి పని చేశాను. చాలా మంచి పని చేశాను.

ఇంకోటి పంపనా? "రోగికి ఫోన్ చేశారా" అని? ఏ గడిలో రాస్తాను? మన ప్రశ్నలకి ఉన్న గడులన్నీ కాగితం గురించే. మనిషి గురించి అడగడానికి గడి పెట్టలేదు ఎవరూ.

ఏడవకే. ఊరుకో. అద్దాల గది, బయటికి కనపడుతుంది. నేను తిట్టానని అనుకుంటారు, నాకు అసలే మంచి పేరు.

సరే, నా శిక్ష సంగతి తేల్చు. భోజనాలకి వెళ్ళినవాళ్ళు వచ్చేస్తారు. ఏమిటీ? మళ్ళీ చెప్పు? జవాబు అవునని వచ్చింది కాబట్టి క్వెరీ ఫలించినట్టే లెక్కా? తప్పు కింద రాదా? నాకు మార్కు కలుస్తుందా?

కలుపు తల్లీ, కలుపు. ఎందుకు వదులుకోవాలి?

లే, ఆ కుర్చీ ఇలా ఇవ్వు. కోడ్ వెయ్యాలి కదా, నేనే వేస్తాను. ముందు కడుపు, వెనక గుండె. ఓ, తొంభై తొమ్మిది, చుక్క, నాలుగు, ఒకటి, ఒకటి. గర్భిణికి గుండె, రక్తప్రసరణ జబ్బు, మొదటి మూడు నెలలు. చివరి అంకె ఒకటి కాదు, నడిమి మూడు నెలలకి రెండు వెయ్యాలి కదా అంటావేమో, ఇరవయ్యో వారం వచ్చేసింది కదా అని. కాదు. ఇవాళ ఆవిడ ఎన్నో వారంలో ఉందో, అసలు ఉందో లేదో, మనకి లెక్కలోకి రాదు. చూపించుకున్న రోజే లెక్క. కాగితంలో ఆవిడ ఎప్పటికీ తొమ్మిదో వారమే.

ఇంకేం మిగిలింది? తేదీలు. చదువుతాను, సరిచూడు. రోగి చూపించుకున్నది, మార్చి పన్నెండు. జబ్బు ఉందని రాసింది, ఇవాళ, మే ఇరవై ఎనిమిది.